తొందరమ్మ చేసిన బల్ల

ఆమెకు అసలు పేరొకటి ఉండేది గాని, ఎవరైనా దాన్ని పూర్తిగా పలికేదాకా ఆమె ఎదురుగా నిలబడితే కదా! సగం పిలిచేలోపే వీధి మలుపు తిరిగిపోయేది. అందుకని ఊరంతా తొందరమ్మ అని పిలవడం మొదలుపెట్టింది. నెలలు నిండకుండానే పుట్టింది. "కడుపులోనే ఆగలేనిది బయట ఆగుతుందా?" అని నవ్వేది వాళ్ళ మేనత్త.

తల్లీతండ్రీ సరుకు పడవల మీద వంటపనికి కుదిరారు. పసిపిల్లతో నీళ్ళ మీద తిరగలేక ఆమెను మేనత్తకు అప్పజెప్పారు. ఎప్పుడో ఒకసారి వచ్చి, ఎంత పొడుగైందో అని ఆశ్చర్యపోయి, మళ్ళీ పడవ ఎక్కేవారు. పెంచడం, తిట్టడం, పని నేర్పడం అన్నీ మేనత్తే చూసుకుంది.

మేనత్తది గడియారాలు బాగుచేసే కొట్టు. ముందు గదిలో అద్దాల బీరువా, వెనక గదిలో పనిబల్ల, పైన పడుకోవడానికి ఒక గది. గోడల నిండా గడియారాలు ఒకదానికొకటి పొసగకుండా టిక్కుటిక్కుమంటుండేవి. ఈ పని అందరికీ తెలిసిందే. దీనితోపాటు మేనత్తకు ఇంకో పని కూడా వచ్చు. దాన్ని కాలం పని అనేవారు.

కాలం మేకుల్లా బజార్లో దొరికే సరుకు కాదు. తలుపు తీయకుండా ఏళ్ళ తరబడి మూసి ఉంచిన గదుల మూలల్లో, ఎవరూ ఎక్కని మెట్ల కింద, మోగడం మానేసిన గంటల లోపల అది పేరుకుపోయి ఉంటుంది. మేనత్త రాగి సూదితో మెల్లగా గీరి, కొస దొరకబుచ్చుకుని, దారం లాగినట్టు లాగి కండెకు చుట్టేది. కంటికి ఏమీ కనిపించదు. వేళ్ళ మధ్య మాత్రం తడి నూలులా చల్లగా తగులుతుంది. అలా తెచ్చిన దారాన్ని ఒకరి తలుపు బందుకు రెండు చుట్లు చుడితే అది తుప్పు పట్టేది కాదు. పాత కోటు కాలరు లోపల కుడితే ఆ కోటు ఇంకొన్నేళ్ళు చిరగకుండా నిలిచేది. మేనత్త ఇలాంటి చిన్న చిన్న పనులే చేసేది. వాటికి మించి ఆశపడలేదు.

పిల్ల మాత్రం కాలు కాలిన పిల్లే. ఒక్కచోట కూర్చునేది కాదు. కూర్చున్నా ఒక కాలు ఊగుతూనే ఉండేది. అన్నం తింటూ లేచి, లేస్తూ జడ వేసుకుని, జడ సగంలో వదిలేసి పనిబల్ల మీద పడేది. వయసు వచ్చేసరికి పని బాగానే పట్టుబడింది గాని, ఒకరు చేసిన పద్ధతిలో చేస్తే ఆమెకు తోచదు.

మొదట పొయ్యి మీద పెట్టకముందే నీళ్ళు కాగే గిన్నె ఒకటి చేసింది. కాగడానికి కాగాయి. తాగబోయేసరికి మాత్రం తమనసలు పొయ్యెక్కించలేదన్న సంగతి గుర్తొచ్చినట్టు చల్లబడిపోయాయి. ఆ తరవాత రేవు దగ్గర కాపలా కాసే పెద్దాయన ఎప్పుడూ ఆలస్యంగా వస్తున్నాడని ఆయనకు జోళ్ళు చేసి ఇచ్చింది. జోళ్ళు వేళకంటే ముందే రేవు చేరాయి. పెద్దాయన ఎప్పటిలాగే ఆలస్యంగా, వట్టి కాళ్ళతో వచ్చాడు. క్షవరశాల ఆయనకు చేసిచ్చిన కత్తెర మరీ ఘోరం. గిరాకీ కుర్చీలోంచి లేచేలోపే కత్తిరించిన జుట్టంతా మళ్ళీ పెరిగిపోయింది. ఆయన సబ్బు నురగ చేతులతోనే ఆమెను వీధి చివరిదాకా తరిమాడు.

"ఒక్కటైనా నిలిచే పని చెయ్యవే పిల్లా," అనేది మేనత్త.

"దారం చాలట్లేదు అత్తా. పాత గంటలు గీరుకుంటూ కూర్చుంటే ఎప్పటికి అవుతుంది?"

"అయినప్పుడే అవుతుంది."

ఆ జవాబు వింటే తొందరమ్మకు ఒళ్ళు మండేది.

ఒకసారి పెద్దాసుపత్రి హాల్లో గోడగడియారం ఆగిపోతే బాగుచేయడానికి వెళ్ళింది. అక్కడ ఒక మనిషి లోపలి గదుల నుంచి కబురు రాగానే బయట కూర్చున్నవాళ్ళను పేరు పెట్టి పిలుస్తుండేవాడు. గంట మోగినట్టుండే గొంతు. అందరూ పిలుపులాయన అనేవారు. గొంతు ఎంత పెద్దదో మనిషి అంత నిదానం.

తొందరమ్మ నిచ్చెన మీద నుంచి వంగి అడిగింది. "ఇంతమంది ఇక్కడేం చేస్తున్నారండీ?"

"ఎదురుచూస్తున్నారు."

"అంటే? ఏం చేస్తున్నారు?"

"ఏమీ చెయ్యట్లేదు. అదే వాళ్ళ పని."

ఆమె దిగివచ్చి వాళ్ళు కూర్చున్న బల్ల మీద చెయ్యి వేసి చూసింది. ఒక్కసారిగా చెయ్యి వెనక్కి తీసుకుంది. ఆ బల్ల కాలంతో తడిసి ముద్దయి ఉంది. మూసిన గదుల్లో ఏళ్ళు పడితే గాని పేరుకోనంత కాలం, ఆ జనం కూర్చున్నచోట కారిపోతోంది. పట్టుకునే దిక్కు లేదు. ఆమెకు ఆ పూట తిండి ఎక్కలేదు. గడియారం బాగుచేయడం మరిచి ఇంటికి పరుగెత్తింది. మర్నాడు దాన్ని బాగుచేయడానికని మళ్ళీ వెళ్ళింది. ఆ తరవాత ఏదో ఒక వంకతో వెళ్తూనే ఉంది. అలా వెళ్ళి వెళ్ళి పిలుపులాయన్ని పెళ్ళి చేసుకుంది.

"ఈ మనిషి తాబేలు, నువ్వు మిడత. మీ కాపురం ఎలా సాగుతుందే?" అంది మేనత్త. సాగింది. ఆయన కొట్టు పైగదిలోకే వచ్చి చేరాడు. ఆమె రోజంతా ఎక్కడెక్కడికి పరుగెత్తినా ఆయన వండి, గిన్నెల మీద మూతలు పెట్టి ఉంచేవాడు.

ఆసుపత్రిలో కారిపోయే కాలాన్ని పట్టాలన్న ధ్యాసలోంచి పుట్టింది ఎదురుచూపుల బల్ల. చూడటానికి మామూలు చెక్కబల్లే. కూర్చునే పలక కింద రాగి దువ్వెన లాంటిదొకటి, దాని కింద కండె. మనిషి వచ్చి కూర్చుంటే చాలు, ఎదురుచూసే కాలం దారంలా కిందికి దిగి కండెకు చుట్టుకునేది. ఒక్కో మనిషిది ఒక్కో పోగు. ఒకరిది ఇంకొకరిదానితో కలిసేది కాదు. కూర్చున్నవాళ్ళకు మాత్రం రెప్ప వేసి తెరిచినట్టుండేది. ఇలా కూర్చోవడం, అలా పిలుపు వినిపించడం! చూసినవాళ్ళు ముక్కున వేలేసుకున్నారు.

ఒక ముసలావిడ పిలుపులాయన చెయ్యి పట్టుకుని, "నాయనా, ఈ నడుంతో పొద్దున్నుంచీ ఎలా కూర్చోవాలా అని ఏడుస్తూ వచ్చాను. అయిపోయిందా అప్పుడే?" అంది.

ఆ దారంతో తొందరమ్మ నిదానం పెట్టె చేసింది. అందులో పెట్టింది ఏదైనా పెట్టినప్పటిలాగే ఉండిపోయేది. దూరపు లంకలకు మందులు అందులోనే వెళ్ళాయి. ఒక వడ్రంగి రంపం కింద తెగిన తన వేలిని అందులో పెట్టుకుని పడవలో వచ్చాడు, అది అతుక్కుంది. ఆ వేలితో అతను ఆమెకు పనిబల్ల కొత్తది చేసిచ్చాడు.

ఇక ఆమెను పట్టగలిగేవాళ్ళు లేరు. రైలు స్టేషన్ వాళ్ళు బల్లలు కావాలన్నారు, కోర్టు వాళ్ళు కావాలన్నారు, ఆఫీసుల వాళ్ళు వరస కట్టారు. పొద్దున ఒకచోట మేకులు కొడుతూ, మధ్యాహ్నం ఇంకోచోట కండెలు మార్చుతూ, నోట్లో మేకులతోనే మాట్లాడుతూ తిరిగేది. ఎదురుచూడటమన్నదే ఊళ్ళో లేకుండా చేసేస్తానని చెప్పుకునేది. అంత సంతోషంగా ఆమె ఎప్పుడూ లేదు. అంత స్థిమితం లేకుండానూ ఎప్పుడూ లేదు.

ఆ హడావుడిలో మేనత్త చిక్కిపోవడం ఆమె గమనించలేదు. గమనించేసరికి మేనత్తకు మెట్లెక్కడం, పనిబల్ల దగ్గర నిలబడటం కష్టమైపోయింది. డాక్టరు వచ్చి చూసి, గుండె అలిసిపోయిందన్నాడు. రోజుల్లోకి వచ్చిందని పిలుపులాయనతో చెప్పాడు. తొందరమ్మ ఎదురుగా నిలబడి చెప్పే ధైర్యం డాక్టరుకు చాలలేదు. పిలుపులాయనే ఆమెకు చెప్పాడు.

ఆమె ఏడవలేదు. ఏడవడానికి కూర్చోవాలి. నేరుగా ఆసుపత్రికి వెళ్ళి నిండిన కండె ఒకటి విప్పుకొచ్చి, మేనత్త వాలుకుర్చీ కాళ్ళకూ చేతులకూ వీపుకూ ఆ దారమంతా చుట్టేసింది. చుట్టు విడిపోకుండా పట్టి ఉంచడానికి పక్కన ఒక ఇత్తడి చీల అమర్చింది. మేనత్తను ఒక్క మాట అడగలేదు. అడిగితే ఒప్పుకోదని తెలుసు.

"కొంచెం ఇలా వాలు అత్తా," అంటూ వీపు వెనక దిండ్లు సర్దింది. ఇంకో దిండు, ఇంకో దిండు. మేనత్త ఏదో అనబోయి నోరు తెరిచింది. అంతలో తొందరమ్మ చీల బిగించేసింది.

మేనత్త చనిపోలేదు. అలాగని మామూలుగానూ లేదు. ఆమె రెప్ప వాలడానికి ఒక పూట పట్టేది. ఛాతీ పైకి లేచిందా అని చూడాలంటే పొద్దున్నా సాయంత్రమూ పోల్చి చూసుకోవాలి. తిండి అక్కర్లేదు, మందు అక్కర్లేదు. తెరిచిన నోట్లోంచి సన్నగా ఒక మోత మాత్రం వస్తుండేది. మూసిన గదిలో తుమ్మెద తిరుగుతున్నట్టు "ఇం..." అని. అదేదో మాట మొదలు. ఆ మాట ఎప్పటికి పూర్తవుతుందో తెలియదు.

తొందరమ్మ బయటికి వెళ్ళేముందు ఒకసారి, వచ్చాక ఒకసారి ఆ నోటి దగ్గర చెవి పెట్టేది. మధ్యలో పని వదిలేసి వచ్చి మరీ పెట్టేది. దారం వదులైతే ఆ పైనుంచి మరికొంత చుట్టేది.

అలా ఉండగా ఒక రోజు కొట్టులోకి ఒకాయన వచ్చాడు. నెరిసిన జుట్టు, మోచేతుల దగ్గర అరిగిన కోటు, కోటు జేబు అంచున సుద్ద మరక. బళ్ళో భాష చెప్పే మాస్టారు.

"ఆసుపత్రి బల్ల చేసింది మీరేనా అమ్మా?"

"నేనే మాస్టారూ. ఏం, విరిగిందా?"

"విరగలేదు." అన్నాడాయన. "మా ఇంటావిడకు ఆపరేషన్ చేశారు. తలుపు మూశాక నేను బయట మీ బల్ల మీద కూర్చున్నాను. కూర్చున్నానో లేదో పేరు పెట్టి పిలిచారు. వెళ్తే, పోయిందని చెప్పారు."

తొందరమ్మ చేతిలో సుత్తి ఉంది. దాన్ని ఎక్కడ పెట్టాలో తోచలేదు.

"పొద్దున్న తలుపు మూశారట, పొద్దు వాలాక తెరిచారట. అంతసేపూ ఆవిడ లోపల బతికే ఉంది. నేను మాత్రం ఎక్కడా లేను. ఆ పూట నాకు కావాలమ్మా. ఇచ్చెయ్యండి."

"అందులో ఏముంటుంది మాస్టారూ? వట్టి భయం, దిగులు..."

"నాదే కదా ఆ దిగులు."

ఆమె సుత్తి ఆ చేతిలోంచి ఈ చేతిలోకి మార్చుకుంది. చివరికి, "కండెలు ఎప్పటికప్పుడు వాడేస్తాం మాస్టారూ. మీది ఎక్కడుందో చెప్పలేను," అంది.

ఆయన గొడవపడలేదు. తలూపి వెళ్ళిపోయాడు. వెళ్ళిన మనిషి మళ్ళీ వచ్చాడు. బడి అయ్యాక వచ్చి, ముందు గదిలో స్టూలు మీద కూర్చుని, గడియారాల మోత వింటూ ఉండిపోయేవాడు. ఏమీ అడిగేవాడు కాదు. అదే ఆమెకు ముల్లై గుచ్చుకునేది. అడిగితే ఏదో ఒకటి చెప్పి పంపెయ్యొచ్చు. ఊరికే కూర్చున్న మనిషిని ఏం చేస్తాం?

పిలుపులాయన ఒక మధ్యాహ్నం గిన్నెలు కడుగుతూ మాట కదిపాడు.

"మాస్టారి పోగు ఎక్కడుందో నీకు తెలుసు కదూ?"

"తెలీదు."

"ఆయన బల్ల మీంచి లేచిన రోజే నువ్వు వచ్చి కండె విప్పుకెళ్ళావు. బల్ల ఎత్తి పట్టుకుంది నేనే. అది వాడిందల్లా అత్తయ్య కుర్చీకే."

"అయితే ఏం చెయ్యమంటారు? కుర్చీ విప్పమంటారా? విప్పితే అత్త ఉంటుందా?" అని ఆమె ఒంటికాలి మీద లేచింది. ఆయన ఇంకేమీ అనకుండా గిన్నె తుడిచి పక్కన పెట్టాడు. ఆ ఊరుకోవడం కూడా ఆమెకు గుచ్చుకుంది. ఆ రోజు స్టేషన్ బల్లకు మేకు కొడుతూ వేలు చితక్కొట్టుకుంది.

వానలు వెలిసి గాలి మారే రోజుల్లో మేనత్త నోటి మోత కూడా మారింది. పెదవులు ఇంకొద్దిగా విడివడ్డాయి. తొందరమ్మ చెవి పెట్టి విని, ఇల్లు ఎగిరిపోయేలా అరిచింది.

"ఇంకా! ఇంకా అంటోందండీ! ఇంకా కావాలంటోంది అత్త! నేను చెప్పలా?"

ఆ ఊపులో కోర్టు బల్లల నుంచి రెండు కండెలు తెచ్చి కుర్చీకి అదనంగా చుట్టింది. గదిలోకీ ముందుగదిలోకీ తిరుగుతూ తనలో తనే నవ్వుకుంది. ముందుగదిలో స్టూలు మీద మాస్టారున్నాడు. సంతోషం పట్టలేక ఆయనకే చెప్పేసింది. లోపలికి పిలిచి మేనత్తను చూపించింది కూడా.

మాస్టారు వంగి, చేతులు వెనక్కి కట్టుకుని, చాలాసేపు విన్నాడు. బళ్ళో పిల్లల చదువు విన్నట్టే విన్నాడు.

"ఎంతకాలంగా సాగుతోందమ్మా ఈ అక్షరం?"

"వానల ముందు నుంచీ."

"మరైతే ఇది 'ఇంకా' అని చెప్పలేం. సాగదీస్తే పొట్టి అక్షరమైనా పొడుగ్గానే వినిపిస్తుంది. 'ఇంక' కూడా అయ్యుండొచ్చు."

"రెండూ ఒకటే కదా మాస్టారూ!"

"ఒకటి కాదమ్మా. 'ఇంకా' అంటే మరికాస్త కావాలని. 'ఇంక' అన్నాక ఏం వస్తుందో తరవాతి మాటను బట్టి ఉంటుంది. ఇంక పద, ఇంక వద్దు, ఇంక పడుకో... ఏదైనా రావచ్చు." ఆయన అంతే మామూలుగా చెప్పి, కోటు సర్దుకుని వెళ్ళిపోయాడు. తన పూట ఆ కుర్చీకి చుట్టి ఉందని ఆయనకు తెలియదు.

తొందరమ్మ నవ్వు ఆగిపోయింది. తరవాతి మాట కోసం కుర్చీ పక్కనే ఉండిపోయింది. ఉండిపోయింది అంటే కూర్చుందని కాదు. గదిలో ఆ మూల నుంచి ఈ మూలకు తిరిగింది. కిటికీ బందులకు నూనె పెట్టింది. నడుస్తున్న గడియారాలకే మళ్ళీ కీ ఇచ్చింది. వాటిలో ఒకదాని స్ప్రింగు తెగింది. స్టేషన్ నుంచి మనిషి వచ్చి పిలిస్తే రానంది. జీవితంలో మొదటిసారి ఆమె ఎదురుచూస్తోంది. తను చేసిన బల్లలు ఊరంతా ఉన్నా ఒక్కదాని మీద కూడా కూర్చోవడానికి మనసొప్పలేదు. కూర్చుంటే ఆ మాట వినకుండానే అయిపోతుందేమోనని భయం.

అదనంగా చుట్టిన దారం వల్ల మాట మరీ మెల్లగా కదిలింది. ఆ రెండు కండెలూ ఆమె తనను తానే తిట్టుకుంటూ విప్పేసింది. కొన్నాళ్ళకు మేనత్త దవడ కిందికి దిగింది. "చా..." అన్న మోత మొదలైంది.

"చాయ్ అడుగుతోందేమో," అన్నాడు పిలుపులాయన, ఆమెను నవ్విద్దామని. "ఇంకా చాయ్ కావాలని."

ఆమె నవ్వలేదు. "చాలు అనొచ్చు," అంది నేల చూస్తూ.

"అనొచ్చు."

"కాకపోవచ్చు కూడా."

"కాకపోవచ్చు. ఆఖరి అక్షరం దాకా ఆగుదాం."

ఆగుదామనే అనుకుంది. మర్నాడు తెల్లారాక కుర్చీ ముందు నేల మీద కూర్చుని, మేనత్త పెదవులకేసి చూస్తూ, కాలు ఊగకుండా చేత్తో పట్టుకుని చూసింది. పొద్దెక్కింది. వీధిలో బండ్లు వచ్చాయి, పోయాయి. నాలుక కొస పైకి లేవడం మొదలైంది. ఇంకెంత? ఒక రోజు, కాదంటే రెండు రోజులు. అంతకు మించి ఆమె వల్ల కాలేదు. తెలిసిపోయిందో, తెలుసుకోవడం భరించలేకపోయిందో, ఆమెకే తెలియదు. చెయ్యి దానంతటదే వెళ్ళి చీల లాగేసింది.

"...లే! ఎన్ని దిండ్లు దోపుతావే? మెడ విరిగిపోతోంది," అంది మేనత్త.

తొందరమ్మ నోరు వెళ్ళబెట్టింది. తరవాత నవ్వింది. నవ్వుతూనే భోరుమని ఏడ్చేసింది. మేనత్త దిండ్లు తీసి ఒక్కొక్కటే కింద పడేసింది.

"ఎందుకే ఏడుస్తావు? ఇందాక పచ్చ బట్టలు కదా వేసుకున్నావు? ఎప్పుడు మార్చుకున్నావు? ఆ వేలికి గుడ్డ ఏంటి?"

ఆమె చెప్పాల్సి వచ్చింది. ముక్కలు ముక్కలుగా, వెనకది ముందూ ముందుది వెనకా చెప్పింది. మేనత్త వింటూ వింటూ కుర్చీ చేతికి వదులుగా వేలాడుతున్న దారాన్ని రెండు వేళ్ళ మధ్య పట్టుకుని నలిపి చూసింది. పాత పనిమంతురాలి వేళ్ళవి. మొహం గట్టిపడింది.

"ఇది ఊరికే పడి ఉన్న కాలం కాదే పిల్లా. ఇందులో ఎవరో ఉన్నారు. ఎవరిది?"

"ఒక మాస్టారిది."

"అడిగి తెచ్చావా?"

"లేదు."

"నన్ను అడిగావా?"

తొందరమ్మ తల వంచుకుంది.

"నేను ఎప్పుడూ మూసిన గదులే ఎందుకు గీరానో నువ్వొక్కసారీ అడగలేదు. అడిగేంత తీరిక నీకేదీ?" మేనత్తకు ఆయాసం వచ్చింది. కాస్త ఆగి, గొంతు తగ్గించి అంది. "ఆయన్ది ఆయనకిచ్చెయ్. ముందు నాకు కాస్త చాయ్ పెట్టు."

పిలుపులాయన అప్పటికే పెట్టేశాడు.

మాస్టారికి నిజం చెప్పడానికి తొందరమ్మకు మొహం చెల్లలేదు. అయినా బడి వదిలే వేళకు గేటు దగ్గర నిలబడి, ఉన్నది ఉన్నట్టు చెప్పింది. ఆయన చేతుల సుద్ద దులుపుకున్నాడు. అబద్ధం చెప్పినందుకు ఒక్క మాటైనా అంటాడేమోనని ఆమె ఎదురుచూసింది. "మీ అత్తగారు తేలిగ్గా ఉన్నారా?" అని మాత్రం అడిగాడు.

మర్నాడు ఆసుపత్రి హాల్లో, ఆ బల్ల మీదే, కండెను తలకిందులుగా అమర్చి ఆయన పోగు కొస ఆయన చేతికిచ్చింది. ఆయన కూర్చున్నాడు. పొద్దున తలుపు మూసిన వేళ నుంచీ ఆ పూటంతా పోగు మెల్లగా ఆయనలోకి వెనక్కి వెళ్ళింది. ఆయన ఏమీ కొత్తగా చేయలేదు. కోటు గుండీ తీసి పెట్టుకున్నాడు. లేచి తలుపుదాకా వెళ్ళి వచ్చాడు. కుళాయి దగ్గర నీళ్ళు తాగాడు. కళ్ళద్దాలు తుడిచాడు. మధ్యమధ్య పిలుపులాయన దగ్గరికి వెళ్ళి, ఏమీ తెలియనివాడిలా అడిగేవాడు.

"ఏమైనా తెలిసిందా అండీ?"

"ఇంకా లోపలే ఉన్నారండీ," అని పిలుపులాయన ప్రతిసారీ అంతే నెమ్మదిగా చెప్పేవాడు. చెప్పి, మొహం అటు తిప్పుకునేవాడు.

తొందరమ్మ గోడకు ఆనుకుని ఉండిపోయింది. బయటికి పోవాలని కాళ్ళు పీకాయి. హాలు గడియారం చూడకుండా ఉండలేకపోయింది. ఈ పని తను చేసిందే కాబట్టి కదలడానికి లేదనుకుని, గోడ సున్నం గోటితో గీరుతూ నిలబడింది.

పొద్దు వాలాక పోగు అయిపోయింది. మాస్టారు లేచి కోటు తొడుక్కున్నాడు. మొహం పీక్కుపోయి ఉంది.

"పొద్దున లోపలికి వెళ్తూ, వెనక తలుపు గొళ్ళెం పెట్టారా అని అడిగింది నన్ను. జవాబు చెప్పానో లేదో ఎంత తలుచుకున్నా గుర్తు రాలేదు ఇన్నాళ్ళూ. ఇక్కడ కూర్చుంటే వచ్చింది. పెట్టానని చెప్పాను. సరేనంది." ఆయన బల్ల మీద చేత్తో ఒకసారి తట్టి వెళ్ళిపోయాడు. కొట్టుకు మళ్ళీ రాలేదు. వీధిలో కనిపిస్తే పలకరించేవాడు.

మేనత్త ఆ తరవాత కొద్ది రోజులే ఉంది. కిటికీ పక్కన మంచం వేయించుకుని, ఒక్క దిండు మీద పడుకుని, తొందరమ్మ పనిని పేరుపేరునా ఎంచి తిట్టింది. తెగిన స్ప్రింగును పడుకునే అతికించింది. ప్రాణం పోయిన మధ్యాహ్నం తొందరమ్మ పక్కనే ఉంది. "కాలు ఊపకే, మంచం కదులుతోంది," అంది మేనత్త. ఆమె ఊపడం ఆపింది. కాసేపటికి మళ్ళీ ఊగింది. ఈసారి మేనత్త ఏమీ అనలేదు.

ఏడుపు తీరక ముందే తొందరమ్మ సుత్తి పట్టుకుని వీధిన పడింది. బల్లలన్నీ పీకేస్తానంది. ఆసుపత్రిలో కొందరు మెచ్చుకున్నారు. ఆఫీసుల దగ్గర మాత్రం జనం ఆమెను చుట్టుముట్టారు.

"సంతకం కోసం కూర్చునే కాలం నాకెందుకమ్మా? ఉంచుకుని ఏం చేసుకోను? తీసుకుపో!" అని ఒకావిడ బల్ల మీద అడ్డంగా పడుకుంది. నడుం నొప్పి ముసలావిడ అయితే సుత్తే లాక్కుంది.

చివరికి తొందరమ్మ ప్రతి బల్లకూ పక్కన ఒక చీల పెట్టింది. లాగితే కాలం కిందికి దిగుతుంది, లాగకపోతే మామూలు బల్ల. కావలసినవాళ్ళు కావలసినట్టు కూర్చోవచ్చు. అన్నీ మార్చేసరికి ఆమె జుట్టు సగం నెరిసింది. ఆఫీసు బల్లల చీలలు చేతులు తగిలి తగిలి నున్నగా మెరుస్తున్నాయి. ఆసుపత్రిలో పన్ను పీకే గది ముందు అందరూ లాగుతారు. ఆపరేషన్ గది ముందు కొందరు చీల మీద చెయ్యి వేసి, తీసేసి, మళ్ళీ వేసి, ఎటూ తేల్చుకోలేక పిలుపులాయనకేసి చూస్తారు. ఆయన సలహా ఇవ్వడు. మంచినీళ్ళు ఇస్తాడు.

ఇప్పుడామె చేతిలో కొత్త పని ఉంది. పురుళ్ళు పోసే ఆవిడ ఒకామె వచ్చి, నొప్పుల కాలాన్ని లాగేసే దిండు ఒకటి చేసిపెట్టమంది. ఒకప్పుడైతే ఆ మాట పూర్తయ్యేలోపే రాగిరేకు కత్తిరించి ఉండేది. ఈసారి పని మొదలుపెట్టకుండా, రొట్టెల కొట్టాయన ఇంట్లో నెలలు నిండిన కోడలి దగ్గరికి వెళ్ళింది. ఆ అమ్మాయి పిండి పిసుకుతోంది.

"నీ నొప్పులు తీసెయ్యనా తల్లీ?"

"తీసెయ్ పిన్నీ, పుణ్యం ఉంటుంది." పిండి మీద చేతులు ఆగాయి. "ఆగాగు. బిడ్డ మొదటి ఏడుపు మాత్రం నాకు వినపడాలి. అది పోకూడదు."

"రెండూ ఒకే పోగు మీద వస్తాయి తల్లీ. ఎక్కడ కత్తిరించాలో చూడాలి."

"చూడు మరి. నాకు ఇంకెన్నో రోజులు లేవు."

అప్పటినుంచీ పనిబల్ల మీద రాగి ముక్కలు, తెగిన పోగులు, సగం కుట్టిన దిండ్లు. ఒకదానిలో నొప్పి మిగిలిపోతుంది, ఇంకోదానిలో ఏడుపు తెగిపోతుంది. పిలుపులాయన భోజనానికి రమ్మని రెండుసార్లు పిలిచాడు. ఆసుపత్రి హాలంతా వినిపించే ఆ గొంతు పక్కగదిలో ఉన్న ఆమెకు వినిపించలేదు. ఆయన అన్నం గిన్నె మీద మూత పెట్టి, వచ్చి ఎదురుగా కూర్చుని, ఆమెకు కావలసిన సన్న సూది ఏదో తనకు తెలిసినంతలో వెతకడం మొదలుపెట్టాడు.